పది వేళ్ళ గోరింటాకు

ఆ దేశం పేరు నా నోటికి ఎప్పుడూ తిరగలేదు. ఐరోపాలో చలి సముద్రం ఒడ్డున ఉన్న చిన్న దేశమట. మా మనవరాలు పరీక్షకని ఆ పాఠం పైకి చదివేది, నేను పప్పు రుబ్బుతూ వినేదాన్ని. నాది గుడిలో పెట్టిన తెలుగు బడిలో మూడో తరగతి చదువు. ఇంగ్లీషు పుస్తకం నాకేం తెలుస్తుంది? అందుకని ఆగి ఆగి తెలుగులో చెప్పేది. కరెంటున్నప్పుడే చదువుకో, కొవ్వొత్తి ముట్టుకుంటే ఊరుకోనని ముందే చెప్పాను.

రెండు పెద్ద యుద్ధాలకి మధ్య జరిగిన సంగతట అది. జనం ఓట్లేసి పార్లమెంటు పెట్టుకున్నారు. ఒక చలికాలంలో సైనికులొచ్చి దాన్ని పడగొట్టారు. కొన్నేళ్ళు పోయాక, గద్దె మీద కూర్చున్నాయన మళ్ళీ ఎన్నికలన్నాడు. నిలబడ్డవాళ్ళు మాత్రం అందరూ ఆయన మనుషులే.

"అందరూ ఒక్కడి మనుషులే అయితే ఇంకేటే ఎంచుకునేది?" అన్నాను.

"పాటమే అది మామ్మా."

పుస్తకంలో ఒక బొమ్మ చూపించింది. తలకి గుడ్డ కట్టుకున్న ముసలావిడ పెట్టె ముందు కాగితం పట్టుకుని నిలబడింది.

"మరి ఈవిడెందుకెల్లింది?"

"రాయలేదు."

"ఇంట్లో పిల్లలున్నారేటో."

"అదీ రాయలేదు. నువ్వు రోలు చూసుకో, చెయ్యి నలిగిపోద్ది."

బర్మాలో ఈ పజుండౌంగ్ పేటలో, ఆ రెండో అంతస్తు గదిలో ఉండేది మేమిద్దరమే. కరోనాలో ఆక్సిజన్ దొరకని ఏడు కొడుకూ కోడలూ ఒకరి వెంట ఒకరు పోయారు. పిల్లది నా చేతిలో మిగిలింది. పొద్దున్నే సందు మొగలో పప్పు వడలు వేసి అమ్మి దాన్ని చదివిస్తున్నాను. ఈలోగా సైన్యానికి పట్టుకుపోయే వయసు దానికి వచ్చేసింది. ఇప్పుడు ఆడపిల్లల్ని కూడా తీసుకుంటారని అంటున్నారు. నా భయమంతా అదే.

పుస్తకంలో ఎన్నికలు అవగానే, గద్దె మీదున్న సైన్యం పెట్టిన మా ఎన్నికలు వచ్చాయి. వార్డు ఆఫీసు మనిషి రోజూ నా దగ్గర ఒక వడ తింటాడు, ఊరికే. బర్మావాళ్ళు ముసలమ్మని పిలిచినట్టు నన్ను అఫ్వా అంటాడు.

"అఫ్వా, మీ ఇంట్లో ఇద్దరూ రావాలి. చిన్నదాని వయసు నాకు తెలుసులే," అన్నాడు, వడ నములుతూ నవ్వుతూ.

ఇంటికొచ్చి చెప్పాను.

"నానెల్లను," అంది.

"ఎల్లకపోతే ఆడు నిన్నొదల్డే."

"నువ్వెల్లు. బొమ్మలో ముసల్దానికి తోడుంటావు."

చెయ్యి లేవబోయింది గాని లేవలేదు. మా తాత ఈ ఊరి రేవులో బస్తాలు మోశాడు, మా నాన్నా మోశాడు. ఎవరి కంటా పడకుండా బతకడమే వాళ్ళు మాకిచ్చిన ఆస్తి. ఇంట్లో ఒక్కరైనా కనపడితే ఊరుకుంటారులే అనుకుని నేనే వెళ్ళాను. బడి గదిలో మిషను పెట్టారు. మీట నొక్కితే కుయ్‌మంది. చిటికెన వేలు సిరాలో ముంచి పంపేశారు. వరసలో పడుచువాళ్ళు కనపడలేదు, అందరం ముసలివాళ్ళమే.

మర్నాడు నా వడలు మిగిలిపోయాయి. సైన్యం పెట్టిన ఓటు వెయ్యకూడదనుకున్న సందులో వాళ్ళు పళ్ళెం దాకా వచ్చి, నా వేలు చూసి, పక్కకి తిరిగిపోయారు. ఎన్నేళ్ళనించో నా చేతి వడలు తింటున్న సైకిల్‌రిక్షా అతను కడుపు బాలేదన్నాడు.

"లెగు మామ్మా, నాను కూకుంటాను," అంది పిల్లది.

అది కూర్చున్న కాసేపట్లో పళ్ళెం ఖాళీ అయింది. వాళ్ళు వడలు చూసి కొనలేదు, దాని శుభ్రమైన వేలు చూసి కొన్నారు. సందుకంతా కనపడిన వేలు రేపు వార్డు మనిషికి మాత్రం కనపడదా?

మా ఆడపిల్లలు పది వేళ్ళకీ గోరింటాకు టోపీలు పెట్టుకుంటారని ఈ పేటలో అందరికీ తెలుసు. గుడి ఆవరణలోంచి ఆకు కోసుకొచ్చి, చింతపండు వేసి మెత్తగా రుబ్బాను. ఎర్రగా పండితే కింద సిరా ఉందో లేదో ఎవడు చెప్పగలడని నా ధైర్యం.

"ఇయ్యాలేటి పండగ మామ్మా?"

"నోర్మూసుకుని చెయ్యి సాపు."

"మిగిలింది నువ్వు పెట్టేసుకో. నీ సిరా కూడా కప్పడిపోద్ది."

"మొగుడు పోయినదానికి గోరింటాకేటే, సందంతా నవ్వడానికా? మిగిలిందానికి మూతెట్టు."

నెత్తురంత ఎర్రగా పండింది. "సూసుకో, మంచి మొగుడే వస్తాడు నాకు. వడలు ఊరికే తినడు," అని నవ్వింది. ఆ నవ్వు వినడం అదే ఆఖరు.

తెల్లారి వార్డు మనిషి వచ్చాడు. దాని చేతులు చూసి బాగున్నాయన్నాడు. తర్వాత నా వేలు చూపించమన్నాడు. సిరా గోరు మొదట్లో నల్లగా దిగి ఉంది.

"మా పక్కింట్లో మీ తెలుగువాళ్ళే ఉంటారు అఫ్వా. వాళ్ళమ్మాయి ఓటేశాక గోరింటాకు పెట్టుకుంది. ఆ వేలు ఎర్రగా లేదు, నల్లగా ఉంది. మీ పిల్లవి పదీ ఒకటే రంగు." రెండో వడ తీసుకున్నాడు. "ఎల్లుండి ఆఫీసుకి తీసుకురా, మాట్లాడాలి."

నదికి అవతల ట్వంటే ఊళ్ళో దాని మేనమామ ఉన్నాడు. అక్కడినించి సరిహద్దు వైపు తీసుకెళ్ళే మనుషులున్నారట. ఆ మధ్యాహ్నం దాని చేతులు తొట్టిలో పెట్టి తోమాను. సున్నం, బూడిద, ఇటుక పొడి, దేనితో తోమినా తోలు మండింది గాని రంగు దిగలేదు. పండిన గోరింటాకు పోతుందా? దారిలో ఆపేవాళ్ళకి వార్డు మనిషి దాని పేరు కూడా చెప్పక్కర్లేదు, పది ఎర్ర వేళ్ళ పిల్ల అంటే చాలు. దాన్ని దాచడానికి నేను పెట్టిన రంగే దాన్ని పట్టించేలా ఉంది.

"గోల్లు పెరిగితే అదే పోద్ది మామ్మా. ఏడవకు, నీకు బాగోదు," అంది. తెల్లారి వడలు మూటకట్టి పడవెక్కించాను. పుస్తకం బరువని వదిలేసి వెళ్ళింది.

ట్వంటే చేరానని ఒకసారి ఫోన్ చేసింది. తర్వాత చెయ్యలేదు. మేనమామ, మూడో నాడే పంపేశాను, ఇంక నాకేం తెలీదంటాడు.

వార్డు మనిషికి పెళ్ళికెళ్ళిందని చెప్పాను. చేతుల రంగు చూశాడు కాబట్టి నమ్మాడో, నమ్మినట్టు ఊరుకున్నాడో. "ఇంకా అవలేదా ఆ పెళ్ళి?" అంటాడు రోజూ, వడ తీసుకుంటూ.

నా సిరా గోరుతో పాటు పైకి జరిగి జరిగి చివరికి వచ్చింది. ఇవాళ కత్తిరించి పారేశాను. రిక్షా అతను కడుపు బాగైందని వచ్చి రెండు వడలు తీసుకున్నాడు. సందంతా మళ్ళీ నా చేతివే తింటోంది. ఆ లెక్కన దాని గోళ్ళ రంగు కూడా ఈపాటికి పోయి ఉండాలి. అది ఉంటే.

పుస్తకం అటక మీద పెట్టలేదు, పొయ్యిలోనూ పెట్టలేదు. ఆ ఇంగ్లీషు చదవడం రాదు గాని ఆ పేజీ తియ్యడం వచ్చు. ఆ ముసలావిడ ఎందుకెళ్ళిందో నాకిప్పుడు ఎవరూ చెప్పక్కర్లేదు. ఆవిడ ఇంటికి తిరిగొచ్చేసరికి లోపల ఎవరైనా ఉన్నారా అన్నదే అడగాలని ఉంది. చదివి చెప్పే పిల్లది లేదు.