ఒక్క ఎర్ర చుక్కా లేని రోజు

2005 మే 12, గురువారం. హాజరు: నేను (కంట్రోల్ రూం సూపర్‌వైజరును), మా అసిస్టెంట్ ఇంజనీరు మేడం, కొత్త కంప్యూటర్ బిగించడానికి బెంగళూరు నుంచి వచ్చిన టెక్నీషియన్, చివరి పంపు హౌసు ఆపరేటర్ (ఫోనులో మాత్రమే). కాలిపోయిన కంప్యూటర్ ఒకటి, కొత్తది ఒకటి.

ఆ రోజు డైరీ పేజీ పైభాగం ఇది. రిటైరైన తర్వాత పాత డైరీలు వరుసగా తిరగేస్తున్నాను. ఈ పేజీ దగ్గర ఆగాను.

మాది తాగునీటి పథకం. రిజర్వాయరు నీళ్లు పైపుల్లో ఒక పంపు హౌసు నుంచి ఇంకో పంపు హౌసుకు ఎక్కుతూ ఊళ్లకు చేరాలి. అలాంటి పంపు హౌసులు పద్నాలుగు. కంట్రోల్ రూం అనంతపురం శివారులో, బుక్కరాయసముద్రం దారిలో ఉండేది. ప్రతి పంపు హౌసులో బ్యాటరీతో నడిచే ఒక చిన్న పెట్టె. పంపు ఆగిన వెంటనే ఆ పెట్టె వైర్‌లెస్‌లో మాకు కబురు పంపుతుంది. మా కంప్యూటర్ తెర మీద పద్నాలుగు పేర్లు, పక్కన పద్నాలుగు చుక్కలు. పంపు నడిస్తే పచ్చ, ఆగితే ఎరుపు, దానితోపాటు ఒక కూత. ఎరుపు పడగానే నేను సబ్‌స్టేషన్‌కో, మెకానిక్‌కో ఫోన్ చేయాలి. నా ఉద్యోగమంతా ఆ ఫోనే.

ఈ సాఫ్ట్‌వేర్ 1998లో వచ్చింది. అంతకుముందు ప్రతి ఆపరేటరూ రెండు గంటలకొకసారి ఫోన్ చేసి "నీళ్లు పోతాండాయి సార్" అని చెప్పేవాడు. కంప్యూటర్ వచ్చాక, ఇక ఎవరూ ఫోన్ చేయనక్కరలేదు, అవసరమైతే మేమే చేస్తాం, లైను ఖాళీగా ఉంచండి అని ఉత్తర్వు వెళ్లింది. దాని చిత్తుప్రతి రాసింది నేనే.

చివరి పంపు హౌసు ధర్మవరం దాటి కొత్తచెరువు వైపు ఉంది. దాని కింద ఒకే ఒక ఊరు. సగం ఇళ్లలో మగ్గాలు. ఆ వేసవిలో ఊరి బోర్లన్నీ ఎండిపోయాయి. మా నీళ్లే దిక్కు, అవీ రోజు మార్చి రోజు, ఉదయం ఆరింటికి. ముందు రోజు పగలంతా పంపు నడిస్తేనే ట్యాంకు నిండుతుంది. సాయంత్రం ఆరింటికి ఆ లైనుకు పంపు మోటారు నడవడానికి కావలసిన త్రీ ఫేజ్ కరెంటు తీసేస్తారు. శుక్రవారం ఆ ఊరి వంతు. అంటే ఈ గురువారం పంపు ఆగకూడదు.

సోమవారం పాత కంప్యూటర్ కాలింది. మూడు రోజులు నేనే పద్నాలుగు చోట్లకూ వంతులవారీగా ఫోన్లు చేస్తూ కూర్చున్నాను. గురువారం ఉదయం కొత్త కంప్యూటర్ తీసుకుని టెక్నీషియన్ వచ్చాడు. నలభై ఏళ్ల మనిషి, పుట్టింది హిందూపురం పక్కన, పని బెంగళూరులో. పాత హార్డ్ డిస్కు బతికే ఉందని తెలిసి ఊపిరి పీల్చుకున్నాం. కానీ కొత్త ఆపరేటింగ్ సిస్టమ్ మా పాత సాఫ్ట్‌వేర్‌ను రానివ్వలేదు. ఇది ఇక్కడ నడవదని ఒక్క వాక్యం చూపించి మూసుకునేది. నాలుగుసార్లు అదే వాక్యం.

"దీనికి తానింకా పాత ఇంట్లోనే ఉన్నాననిపించల్ల సార్," అన్నాడు టెక్నీషియన్. "లేకుంటే కాలు లోపల పెట్టదు." ఎక్కడో ఒక చోట టిక్కు పెట్టాడు. పాత విండోస్‌లా నడపమని చెప్పే ఏర్పాటు కొత్తదాంట్లోనే ఉందట.

11.40కి తెర తెరుచుకుంది. పద్నాలుగు పేర్లు, పద్నాలుగు పచ్చ చుక్కలు. అతను టీ తాగడానికి బయటికి వెళ్లాడు. నేను కుర్చీలోనే ఉండి డైరీ రాసుకున్నాను. ఆ పది నిమిషాల్లో జరిగిందీ రాశాను, రాసిన వెంటనే మరిచిపోయాను.

పన్నెండున్నరకు మేడం వచ్చింది. మా అమ్మాయి వయసు, పనిలో గట్టిది. తెర చూసి సంతోషపడింది. పని పూర్తయిందని నేను సంతకం చేయాల్సిన కాగితాన్ని టెక్నీషియన్ నా ముందు పెట్టాడు. ఆరింటికి అతని బస్సు.

"రేపు రివ్యూ ఉండాది సార్. సాయంత్రం లోపల అంతా బాగుండాదని పైకి చెప్పల్ల. సంతకం చేసేయండి," అంది మేడం.

నేను పెన్ను తీసి, మూత పెట్టేశాను. "రెండు గంటల దాకా చూద్దాం మేడం."

కారణం చెప్పాను. రోజూ రెండింటి ప్రాంతంలో చివరి పంపు హౌసుకు కరెంటు ఒక లైను నుంచి ఇంకో లైనుకు మారుతుంది. రెండు మూడు నిమిషాలు పంపు ఆగుతుంది, మా తెర మీద ఎర్ర చుక్క పడుతుంది. అది పడితే నాకు నమ్మకం.

రెండు దాటింది. రెండుంబావు. రెండున్నర. అన్నీ పచ్చగానే ఉన్నాయి.

"ఈ సార్‌కు ఎర్రగుంటే భయం, పచ్చగుంటే ఇంకా భయం," అన్నాడు టెక్నీషియన్ మేడంతో.

"కరెంటోళ్లు బాగుపడినారేమో సార్," అని మేడం కూడా నవ్వింది.

నేను బీరువా తెరిచి పాత డైరీలు దించాను. ఏడు మే నెలలు. ఒక్కొక్క పేజీ మీద వేలు పెట్టుకుంటూ పోయాను. ఎర్ర చుక్క పడని రోజు ఒక్కటీ దొరకలేదు. ఒక రోజు ఆరు, ఇంకో రోజు పదకొండు. ఈ రోజు తెర తెరుచుకున్నప్పటి నుంచి సున్నా.

చివరి పంపు హౌసుకు ఫోన్ చేశాను. మోగుతూనే ఉంది, ఎవరూ ఎత్తలేదు. 2.35, 2.50, 3.10. మూడు సమయాలూ రాసుకున్నాను.

"మేడం, మన పక్కనున్న పంపు ఒకటి రెండు నిమిషాలు ఆపించండి. ఎరుపు పడ్తాదో లేదో తెలిసిపోతాది."

"నడిచే పంపును ఆపుతారా సార్? పైపులో గాలి పడితే మల్ల నీళ్లెక్కేకి ఎంతసేపు పడ్తాదో మీకు తెలీదా? నీళ్లు పోతాండాయా లేదా చూసేకి నీళ్లు ఆపమంటారా?"

ఆమె మాటలో తప్పు లేదు. నేను మళ్లీ ఫోను అందుకున్నాను. టెక్నీషియన్ తన సంచి సర్దుకోవడం మొదలుపెట్టాడు.

3.25కి ఆపరేటర్ ఫోను ఎత్తాడు. ఆయాసపడుతున్నాడు. నేను స్పీకర్ మీట నొక్కాను, అందరికీ వినబడాలని.

"యాడ పోయినావప్పా? ఇది నాలుగోసారి చేస్తాండేది."

"ట్యాంకు కాడికి పోయింటి సార్, నీళ్లెంతుండాయో చూసొచ్చేకి."

"పంపు నడుస్తాండాదా?"

"యాడ నడుస్తాది సార్? ఒంటిగంటన్నరకే కరెంటు పాయ. మీ ఫోన్లు ఆగినాక కంప్యూటర్ బాగైందనుకుంటి. మీకు ఎర్రగా కనపడే ఉంటాది, మీరు సబ్‌స్టేషన్‌కు చెప్పే ఉంటారని ఊరకున్నా."

గదిలో ముగ్గురమూ తెర వైపు చూశాం. చివరి పేరు పక్కన చుక్క పచ్చగా, నిశ్చింతగా ఉంది.

"ఒక్క ఫోన్ చేయకూడదా?" అన్నాను. అన్నాక సిగ్గేసింది.

"చేయద్దని మీరే కదా సార్ కాగితం పంపినారు. ఇప్పుడు నిద్రపోయినేది ఆ కంప్యూటరా, మీరా? రేపొద్దున నా ఇంటి ముందర బిందెలు పెట్టేది మా ఊరోళ్లు, మీ కాడికి ఎవరూ రారు."

సబ్‌స్టేషన్‌కు ఫోన్ చేశాను. అక్కడ ఒక స్విచ్చి పడిపోయి ఉందట, ఎవరూ చెప్పనందున చూడలేదట. పది నిమిషాల్లో కరెంటు ఇచ్చారు. పది నిమిషాల పని. 3.50కి పంపు నడిచింది. అయితే ఖాళీ అయిన పైపు నిండాలి, గాలి పోవాలి. ఐదున్నర లోపల ట్యాంకులో చుక్క పడదు, ఆరింటికి కరెంటు పోతుంది అన్నాడు ఆపరేటర్. పొద్దున నుంచి ఎక్కిన నీళ్లు ట్యాంకులో సగం కూడా లేవట.

టెక్నీషియన్ సంచి కింద పెట్టాడు. మొహంలో నవ్వు పోయింది. వైర్‌లెస్ పెట్టె దగ్గరికి వెళ్లి వంగి చూశాడు. దాని దీపం మిణుకుతోంది. కేబుల్ పీకి మళ్లీ పెట్టాడు.

"కబురు ఈడ దాకా వస్తాంది సార్. కంప్యూటర్ లోపలికి పోతాలేదు. ఈ సాఫ్ట్‌వేర్ ఎట్లా అంటే, చెడ్డ కబురు రానంతసేపూ అన్నీ పచ్చగానే చూపిస్తాది." తర్వాత నా వైపు తిరిగి అడిగాడు. "నేను టీకి పోయినప్పుడు ఎవరన్నా ఏమన్నా నొక్కినారా?"

"ఎవరూ నొక్కలేదు," అన్నాను. నిజంగా అదే అనుకున్నాను.

అలవాటు కొద్దీ ఆ ప్రశ్నా, నా జవాబూ రాయడానికి ఆ రోజు పేజీ తెరిచాను. మధ్యలో నా అక్షరాలే ఉన్నాయి: "11.46. ఒక చిన్న కిటికీ వచ్చింది. ఈ ప్రోగ్రాంను అడ్డుకోవడం కొనసాగించాలా, అడ్డు తీయాలా అని ఇంగ్లీషులో అడిగింది. నియమం ప్రకారం అడ్డుకోమన్నాను. పోయింది."

ఆ నియమం కంప్యూటర్ పైన గోడకు అంటించి ఉంది. రెండేళ్ల కిందట ఆఫీసులో ఎవరో తెలియని ప్రశ్నకు సరేనని నొక్కితే వైరస్ వచ్చి ఒక నెల ఫైళ్లు పోయాయి. అప్పటి నుంచి, తెలియనిది ఏది అడిగినా వద్దనే నొక్కాలని కాగితం. రాసింది నేను. కింద సంతకం మేడంది.

ఒక్క క్షణం డైరీ మూసేద్దామనిపించింది. ఆ మాట దాచి ఈ జ్ఞాపకం రాయలేను. అతను ఎలాగూ కారణం కనుక్కుంటాడు, ఎవరు నొక్కారో ఎవరికీ తెలియదు అనుకున్నాను. ఆపరేటర్ గొంతు చెవిలో ఉంది. పేజీ వాళ్లిద్దరి వైపు తిప్పి, వేలు పెట్టి చూపించాను.

"నేనే నొక్కినాను. పదకొండూ నలభై ఆరుకు."

టెక్నీషియన్ చదివి తల ఊపాడు. "కొత్త దాంట్లో కాపలా ఒకటి ఉంటాది సార్. బయట నుంచి వచ్చేదాన్ని తలుపు కాడే ఆపి అడుగుతాది. మీరు వద్దంటే ఇంక ఎప్పుడూ అడగదు. నేను ఈడనే ఉండాల్సింది, టీకి పోయింది నా తప్పే." మేడం గోడ మీద కాగితాన్ని మళ్లీ చదివింది.

కాపలా జాబితాలో మా సాఫ్ట్‌వేర్ పేరు పక్కన అతను ఒక టిక్కు పెట్టాడు. అంతే. తెర మీద ఏ మార్పూ లేదు. పద్నాలుగూ పచ్చ. ఈసారి ఫోన్ తీసింది మేడమే. మాకు దగ్గరి పంపు హౌసులో ట్యాంకు నిండిందని కనుక్కుని, పంపు రెండు నిమిషాలు ఆపమంది. నేను గోడ గడియారం వైపు చూడలేకపోయాను. కూత వినబడింది. జాబితాలో మొదటిదైన ఆ పంపు హౌసు పేరు పక్కన చుక్క ఎర్రబడింది.

"పడినాది," అంది మేడం మెల్లగా.

5.10కి కాగితం మీద సంతకం చేశాను. సంతకం పక్కన సమయం వేశాను. తర్వాత ఇంకో కాగితం రాశాను: ప్రతి ఆపరేటరూ మునుపటిలా రెండు గంటలకొకసారి ఫోన్ చేయాలి.

"కంప్యూటర్ పెట్టుకుని మల్ల ఫోన్లేమిటికంటారు పైవాళ్లు," అంది మేడం. అంటూనే సంతకం పెట్టింది. టెక్నీషియన్‌ను నా స్కూటర్ మీద బస్టాండులో దించాను.

13, శుక్రవారం. ఐదున్నరకే కంట్రోల్ రూంకు చేరాను. చుక్కలు కొన్ని ఎరుపు, కొన్ని పచ్చ, ఎప్పటిలాగే. ఆరు నుంచి ఫోను పక్కనే కూర్చున్నాను. 6.50కి మోగింది.

"కింది రెండు వీధులకు వచ్చినాయి సార్," అన్నాడు చివరి ఆపరేటర్. "పైవీధికి ఎక్కలా. పైవీధోళ్లు కింది వీధికొచ్చి ఇంటికి రెండు బిందెలు పట్టుకపోతాండారు. మగ్గాలు ఎవరూ ఎక్కలేదు. మాదీ పైవీధే."

"ఇంట్లో ఏమంటాండారు?"

"ఏమంటారు? నన్నే అంటాండారు." తర్వాత అడిగాడు. "నిన్న ఏమైండె సార్ అసలు?"

"కంప్యూటర్ ఒకటి అడిగినాది. తెలీక నేను వద్దని నొక్కినా. దాంతో మీ కబుర్లు లోపలికి రాలేదు."

అవతల బిందెల చప్పుడు వినబడుతోంది. ఎవరో ఆడమనిషి వరుస తప్పావని ఇంకొకరిని తిడుతోంది. అతను నన్ను కూడా తిడతాడని ఎదురుచూశాను.

"ఆదివారం మా వంతు," అన్నాడు. "రేపు పంపు మీద నేనొక కన్ను పెడ్తా, మీరొక కన్ను పెట్టండి. ఎనిమిదికి మల్ల చేస్తా."

గోడ మీది పాత నియమం కాగితాన్ని గోరుతో మెల్లగా ఊడదీసి, చినగకుండా డైరీలో ఆ పేజీ దగ్గర పెట్టాను. 8.02కి ఫోన్ మోగింది.