కమ్మికి అతుక్కున్న చెయ్యి

1977 మే నెల, గురువారం, మధ్యాహ్నం రెండు గంటలు. మస్కట్ దగ్గర చేపల కోల్డ్ స్టోరేజీలో నా మొదటి డ్యూటీ. బయట ఎండ మండిపోతోంది. ఊళ్లో పొలం నుంచి వచ్చి చేసినట్టే నెత్తిన, చేతుల మీద నీళ్లు పోసుకుని, తుడుచుకోకుండా లోపలికి వెళ్లాను. అక్కడివాళ్లు ఒళ్లు తుడుచుకుని, చేతులకు గోనెగుడ్డ చుట్టుకుని గాని లోపల అడుగు పెట్టరు. నాకూ చెప్పారు, నేను వినలేదు. లోపల ఇనుప కమ్మి పట్టుకోగానే అరచెయ్యి దానికి అతుక్కుపోయింది.

గుంజబోయాను. మా జట్టు పెద్ద, హైదరాబాదు ఖాజా భాయ్ నా మణికట్టు పట్టుకున్నాడు.

"గుంజకురా హౌలే. తోలు కమ్మికే ఉంటది."

చెయ్యి పాడైతే కంపెనీ ఇంటికి పంపేస్తుంది. నాకు ఏడుపొచ్చింది.

"ఉడుకునీళ్లు తెస్తా భాయ్," అన్నాడు మా జిల్లా రాజన్న.

"నువ్వు తెచ్చేదాంక చేతి ఏళ్లు ఉంటయా? తమ్మీ, కండ్లు మూసుకో."

ఖాజా భాయ్ నా చేతి మీద ఉచ్చ పోశాడు. ఆ వేడికి చెయ్యి మెల్లగా ఊడింది.

"ఇగ ఈ చెయ్యితోనే బువ్వ తింటడా?" అన్నాడు రాజన్న.

"తిననియ్. చెయ్యి ఉన్నది గదా," అన్నాడు భాయ్.

చదివేవాళ్లకు అసహ్యం వేస్తే వేయనివ్వండి. ముసలితనంలో అక్షరాలు దిద్దింది ఈ చెయ్యే, ఇది రాస్తున్నదీ ఈ చెయ్యే. అంత చలిలో అంత వెచ్చటి మనిషిని మళ్లీ చూడలేదు. ఆ రోజు అక్కడున్నది ముగ్గురం: ఇప్పుడు లేని ఖాజా భాయ్, ఇప్పుడు లేని రాజన్న, నేను.