కంచకు విశ్రాంతి ఇచ్చిన అత్తమ్మ

మాది పెద్దపల్లి దిక్కు. ఎటు చూసినా వరి మళ్లే. పశువులు గడ్డి తింటాయంటే వాములోంచి పీకి వేసే ఎండు వరిగడ్డే నాకు తెలుసు. గడ్డి తనంతట తాను మొలిచి, తనంతట తాను బతికే నేల ఒకటి ఉంటుందని డెబ్బైల మొదట్లో పెళ్లయి చెన్నూరు దిక్కు వచ్చాకే చూశాను. మా అత్తగారి ఊరి వెనక, చేలకూ అడవికీ మధ్య, నాగలి ఎరగని బీడు ఒకటి ఉండేది. దాన్ని కంచ అంటారు. పశువులు మేయడానికే వదిలిన నేల. అది మావాళ్లదే అయినా, ఊళ్లో సగం ఇళ్ల పశువులు అందులోనే తిరిగేవి.

పని తీరితే చాలు, కంచలో ఉండేదాన్ని. కొత్త కోడలు పుల్ల పట్టుకుని పేడ కెలుకుతోందని ఇరుగుపొరుగు నవ్వుతున్నారని అత్తమ్మ చిన్నబోయేది. నవ్వితే నవ్వనీ అనుకునేదాన్ని. పేడ ఎత్తి చూస్తే కింద నల్లటి పురుగులు నేలను గుల్ల చేసి పెట్టేవి. వాన పడితే నీళ్లు ఆ బొక్కల్లోకే ఇంకేవి. పేడ పడ్డ చోట తర్వాతి వానలకు గడ్డి గుబురుగా లేచేది, ఆవులేమో దాన్ని వాసన చూసి పక్కకు పోయేవి. గిట్ట దిగిన గుంటలో కాసిని నీళ్లు నిలిచి, అందులో ఏదో గింజ మొలిచేది. ఆవు గడ్డిని మేస్తోందా, గడ్డినే పెంచుతోందా? ఎవరినైనా అడిగితే పిచ్చిదాన్ని చూసినట్టు చూసేవాళ్లు.

ఆ రోజుల్లోనే వానలు సరిగా పడక కంచ పలచబడింది. అక్కడక్కడ మట్టి తేలింది. అత్తమ్మకు నాలుగు ఆవులు. అందులో ఎర్రావు, ఆమె పెళ్లికి పుట్టింటివాళ్లు అరణంగా ఇచ్చిన ఆవు సంతతి. ఇంట్లో మాకెవరికీ లేని గారాబం ఆ ఆవులకు ఉండేది. వాటి కోసం ఆమెకు ఒక ఆలోచన తట్టింది.

"చెలుక పడావు పెడితే బలం పడుతది. కంచ గుడ గంతే. జర దాన్ని పండుకోనియ్యాలె," అంది.

చేనును ఒక ఏడాది దున్నకుండా వదిలితే బలం పుంజుకుంటుందని అక్కడ ఎవరిని అడిగినా చెప్తారు. మామ కూడా సరేనన్నాడు. కంచ చుట్టూ ముళ్లకంప వేయించింది. అలవాటు కొద్దీ వచ్చిన పొరుగింటి బర్రెలను కట్టె పట్టుకుని తానే తరిమింది. దాంతో పొరుగింటామెతో మాటలు పోయాయి. మా ఆవులకు మాత్రం ఇంటి దగ్గరే జొన్న చొప్ప వేసేవాళ్లం.

మొదటి వానలకు గడ్డి నడుము దాకా లేచింది. అత్తమ్మ మురిసిపోయింది. వచ్చిన చుట్టాన్నల్లా తీసుకుపోయి చూపించేది. ఒక్క కట్ట కోసుకుంటామన్నా ఒప్పుకోలేదు. ఎండాకాలానికి ఆ గడ్డంతా ఎండి, వాలి, చాపలా పరుచుకుంది. మళ్లీ వానలు వచ్చాయి. ఆ చాప కింద లేత మొలకలు తెల్లగా పాలిపోయి కుళ్లాయి. మెత్తటి గడ్డి పోయి, పశువు ముట్టని బోదగడ్డి ముదిరింది. తంగేడు, రేగు ఎక్కడ పడితే అక్కడ లేచాయి. పశువుల వెంట తిరిగే కొంగలు ఎటో పోయాయి. అయినా అత్తమ్మ ఇంకో ఏడాది చూద్దామంది.

ఆ రెండో ఎండాకాలం చొప్ప అయిపోయాక దర్జాగా ఒక పక్క కంప తీయించి తన ఆవులను లోపలికి తోలింది. నాలుగూ పోయి, అటూ ఇటూ మూతి ఆడించి, తిరిగి బయటికే వచ్చాయి. బండిదారి పక్కన అందరి పశువులూ కొరికి కొరికి పొట్టిగా మిగిల్చిన గడ్డికి మూతి పెట్టాయి. నాకు నవ్వాగలేదు. అత్తమ్మ ముఖం చూశాక ఆగింది.

మామ ఇక వినలేదు. మేత లేదని మూడు ఆవులను అమ్మడానికి అంగడికి తోలుకుపోయాడు. ఆమె ఏడుపు చూడలేక ఎర్రావును మాత్రం వదిలాడు. వానల దాకా చూస్తానని, అప్పటికీ దాని కడుపు నిండే దారి లేకపోతే అదీ అంగడికేనని చెప్పేశాడు. అత్తమ్మ ఆ పూట అన్నం ముట్టలేదు. నాకు ఆమె మీద జాలీ వేసింది, కోపమూ వచ్చింది.

మర్నాడు చెయ్యి పట్టుకుని బండిదారికి తీసుకుపోయాను. కంపకు అటు గడ్డినీ ఇటు గడ్డినీ వేళ్లతో విడదీసి చూపించాను. అటు పైనంతా ఎండు పీచు, మొదలు నల్లగా కుళ్లింది. ఇటు కొరికిన ప్రతి మొదట్లోనూ పచ్చటి కొస ఉంది.

"కొరికితె పిలకలేస్తుంది అత్తమ్మా. నీడ పడితె చస్తుంది. పసులు తొక్కి తింటెనే దీనికి ఎండ తగుల్తది," అన్నాను. నిజమేనా అని నాకూ లోపల అనుమానమే, అయినా చూడాలని ఆత్రం.

ఆమె ఇంటికి నడిచింది. కొడవలి తెచ్చి కంపంతా తానే లాగింది, చేతులు మోచేతుల దాకా గీరుకుపోయాయి. కానీ ఒక్క ఎర్రావు ఎంతని తొక్కుతుంది? ఒకే బాట పట్టి పోయేది, అదే బాటన వచ్చేది. నాలుగు రోజులు చూసి, అత్తమ్మ కొంగు దోపుకుని పొరుగింటికి నడిచింది. నేను వెనకే వెళ్లాను. కూర్చోమన్నా కూర్చోలేదు.

"నా ఒక్క ఆవుతోటి కంచ బతుకుతలేదు. మీ పసులను గుడ తోలుండ్రి," అంది.

పొరుగింటామె లేచి బర్రెల పలుపులు విప్పింది. ఆ వారంలో ఊరి పశువులన్నీ దిగాయి. బర్రెలు ఎండుగడ్డిని తొక్కి నేలకు కలిపాయి, మేకలు రేగు, తంగేడు చిగుళ్లను ఎదగనివ్వలేదు. వానలు పడ్డ కొద్దిరోజులకే, తొక్కిన చోటల్లా సన్నటి గడ్డి దట్టంగా వచ్చింది. ఎర్రావు కడుపు నిండింది. మామ మళ్లీ అంగడి మాట ఎత్తలేదు.

ఒక మధ్యాహ్నం అత్తమ్మ, నేను కంచలో కూర్చున్నాం. ఆమె తడి గడ్డి మీద అరచెయ్యి ఆనించింది. ఊరి పశువులు మా చుట్టూ మేస్తున్నాయి, అందులో ఆమెది ఒక్కటే.

"ఆ మూడు ఆవులను అమ్మింది మీ మామ కాదు పిల్లా. నేనే," అంది.