గంపెడు మక్క గారెలు

గోదావరిఖనిలో షేర్ ఆటో కోసం నిలబడి ఉంటే, మక్కకంకులు కాల్చే బండి నుంచి బొగ్గు పొగ వచ్చి ముక్కుకు తగిలింది, అంతే, నేను మళ్లీ మా పాత క్వార్టర్ల ముందు లంగా ఎత్తిపట్టి ముసురు నీళ్లలో గెంతే పిల్లనైపోయాను. సాయంత్రమయ్యేసరికి ప్రతి గడప ముందూ బొగ్గుల పొయ్యి రాజుకునేది, బాపు బొగ్గుగని నుంచి వచ్చి మెడకంటిన మసి రుద్దుకుంటూ స్నానం చేసేవాడు, అమ్మ లేత మక్కలు రుబ్బి పచ్చిమిర్చి, కొత్తిమీర కలిపి గారెలు వేసేది. ఆ వాసనకు వాకిట్లోకి ఎవరొచ్చినా తినకుండా పోనిచ్చేది కాదు.

కానీ అవి నక్సలైట్ అన్నల కోసం పోలీసులు కాలనీలను జల్లెడ పట్టే రోజులు. చుట్టం వస్తే ఠాణాలో చెప్పాలి, నలుగురు ఒకచోట నిలబడకూడదు. గల్లీ మలుపులో లుంగీ కట్టుకుని బీడీ కాల్చే ఆ మనిషి పోలీసులకు కబుర్లు మోసేవాడని పిల్లలకు కూడా తెలుసు. సోదాకు వస్తే ముందు వంటింట్లోకే వెళ్లేవారు. ఇంట్లో మనుషులకు మించి వండితే, అడవిలో ఉన్నవాళ్లకు పెడుతున్నట్టే లెక్క. ఏం లెక్కో, తలుచుకుంటే ఇప్పటికీ ఒళ్లు మండుతుంది!

ఒక ఆదివారం కాసిపేట నుంచి మామవాళ్లు వస్తామంటే అమ్మ గంపెడు గారెలు చేసింది. వానకు బస్సులు ఆగిపోయి వాళ్లు రాలేదు. పోలీసులు వచ్చారు.

"ఎవలికే గిన్ని?" అన్నాడు జమేదారు, గంప మీది బట్ట లాగి.

"మా తమ్ముడోళ్లు వస్తమన్నరు సారూ. వాన కొట్టవట్టె, రాలె."

"రానోళ్లకు వండినవా?"

తల తుడుచుకుంటున్న బాపును ఆ తువ్వాలుతోనే జీపెక్కించారు. "ఉత్త గారెలే సారూ, ఒక్కటి తిని చూడుండ్రి" అని అరుస్తూ అమ్మ బురదలో జీపు వెంట పరుగెత్తింది. ఒక్క ఇంటి తలుపూ తెరుచుకోలేదు. పంచడానికి ధైర్యం చాలక గారెలు గంపలోనే పాచిపోయాయి.

బాపు వచ్చేసరికి వానకాలం వెళ్లిపోయింది. కుడిచెయ్యి పైకి లేవడం లేదు, బొగ్గు తట్ట ఎత్తలేక డ్యూటీ మార్పించుకున్నాడు. అమ్మ మాత్రం ఆ రోజు నుంచి ఇంట్లోవాళ్లకు సరిపడానే వండింది.

ఇప్పుడు ఆ క్వార్టర్లు లేవు, ఓపెన్‌కాస్టు గనిలో కలిసిపోయాయి. లుంగీ మనిషీ లేడు, బాపూ లేడు. మొన్న మధ్యాహ్నం నా బిడ్డ కాలేజీ స్నేహితురాలిని వెంటబెట్టుకొచ్చింది. నేను ఇంకో కంచం తీయబోతే అమ్మ నా చెయ్యి పట్టుకుని ఆపింది. "జల్ది ఇంటికి పో బిడ్డా, మీ అమ్మ ఫికర్ పడ్తది" అని ఆ పిల్లను తనే గేటు దాకా పంపి వచ్చింది. తలుపుకు గడియ పెట్టి, నా దగ్గరికొచ్చి మెల్లగా అడిగింది:

"ఎవ్వలన్న సూసిండ్రా?"