నాన్న బండికి వయసొచ్చింది

నిన్న తెనాలి షోరూంలో కొత్త బండి స్టార్ట్ చేసిన వెంటనే ఆపేశాను. ఆ చప్పుడు నాకు తెలుసు.

సందు చివర ఎస్టీడీ బూత్ ఉన్న రోజుల్లో, బండి చప్పుడు వినే ఎవరొస్తున్నారో చెప్పేసేవాళ్లం, గుర్తుందా? రేపల్లెలో మా నాయనమ్మకి చూపు లేదు. నాన్న హండ్రెడ్ సీసీ బండి మలుపు తిరగగానే, "అమ్మాయ్, పెద్దోడొచ్చాడు, అన్నం పెట్టు" అనేది అమ్మతో.

నాన్న పోయాక ఆ కంపెనీ అదే ఇంజన్ని పెంచి నూట పాతిక సీసీ చేసింది. బాబాయి అది కొని తెచ్చిన రోజు నాయనమ్మ చెవులు రిక్కించింది. "పెద్దోడే. గొంతు ముదిరింది."

"కాదండి అత్తయ్యా, మరిదిగారి కొత్త బండండి" అంది అమ్మ, ఏడుపు ఆపుకుంటూ.

తర్వాత పక్కింటి మాస్టారు అదే కంపెనీ నూట యాభైది కొన్నారు. అది విని నాయనమ్మ నవ్వింది. "వాడికి వయసొస్తోందే." అప్పట్నుంచి ఆ బండి వెళ్తుంటే నేను వీధిలోకి చూసేవాణ్ణి కాదు.

నిన్న విన్నది ఆ ఇంజన్లలో అన్నిటికన్నా పెద్దది. అయినా కొన్నాను, ఎందుకో చెప్పలేను. నాయనమ్మ పోయి చాలా కాలమైంది. అమ్మకి చూపూ మతీ రెండూ బాగానే ఉన్నాయి. ఇవాళ బండి తెచ్చి ఇంటి ముందు ఆపాను. ఇంకా హెల్మెట్ తియ్యలేదు.

వంటింట్లోంచి అమ్మ కేకేసింది. "ఏవండీ, కాళ్లు కడుక్కుని రండి. అన్నం పెట్టేస్తున్నా."