ఏడు చేలు, ఒక ఏడుపు

మావయ్యకి ఒక్కటే జబ్బు. పక్కవాడి చేలో మన్ను తడిగా ఉంటే చూడలేడు.

పక్కవాడు మేడ కట్టుకున్నా, కొత్త బండి కొనుక్కున్నా ఆయనకి చీమ కుట్టినట్టైనా ఉండదు. "కట్టుకోనీ పాపం, వేసవిలో ఉడికిపోతాడు" అని జాలిపడతాడు కూడా. కానీ ఆ పక్కవాడి చేలో చెట్టు పాదు నల్లగా, తడిగా కనిపించిందా, ఇక అంతే. ఆ పూట ముద్ద దిగదు.

కోడలికి ఈ సంగతి కాపురానికొచ్చిన రెండో రోజే తెలిసింది. పొద్దున్నే ఆయన మూరెడు ఇనప చువ్వ పట్టుకుని బయల్దేరాడు. గంట తర్వాత తిరిగొచ్చి, అయినవాళ్ళెవరో పోయినట్టు అరుగు మీద కూలబడ్డాడు.

"ఏమైంది మావయ్యా?" అని కంగారుగా అడిగింది.

"ఏం చెప్పమంటావమ్మా! దానిమ్మల ఆయన చేలో చువ్వ గుచ్చాను. జానెడు లోతున కూడా మన్ను చల్లగా ఉంది. పిసికితే ఉండవుతోంది!"

"మంచిదే కదండీ?"

"వాడికి మంచిది! నాకేం మంచిది?"

లోపల్నుంచి అత్తయ్య కేకేసింది. "ఇవాళ ఎవరి తడికి?"

"దానిమ్మల ఆయన తడికటండీ," అంది కోడలు.

"అయితే రెండు పూటలు తినరు. చిన్న గిన్నె పెట్టమ్మాయ్."

ఆ ఊళ్ళో వాన అంటే దూరపు చుట్టంలాంటిది. వస్తానని కబురు పంపుతుంది, రాదు. ఊరి చివర ఏడు చేలకీ కలిపి ఒకటే బోరు. కరెంటు ఉండేది రోజుకి ఏడు గంటలు. చేనుకో గంట వంతు. ఎవరి గంట రాగానే వాళ్ళు తమ వాల్వు తిప్పుకోవాలి. మొదటి వంతు దానిమ్మల ఆయనది, మూడోది మావయ్యది, చిట్టచివరిది దర్జీ ఆవిడది. పగలు కుట్టుమిషను, పొద్దున్నా సాయంత్రం అరెకరం వేరుశెనగ. ఆ రెండింటి మీదే ఆవిడ ఇల్లు నడుస్తోంది.

కోడలి పుట్టింట్లో మోటార్లు బాగుచేస్తారు. చప్పుడు విని రోగం చెప్పే చెవి ఆమెది. అందుకని వచ్చిన నెలలోనే మావయ్య తమ వంతు వాల్వు ఆమె చేతికిచ్చేశాడు. గట్టు వార ఐదు సెంట్లు మిరప వేసుకోమని కూడా ఇచ్చాడు.

ఇచ్చినవాడు ఊరుకున్నాడా? మర్నాడే ఆ మడిలో చువ్వ గుచ్చి, "అప్పుడే ఇంత తడా!" అని మూలిగాడు.

"మావయ్యా, ఇది మన చేనే!"

"మనదే. కానీ తడి నీది!"

ఒకసారి నిజంగానే వాన వచ్చింది. వచ్చి, కంచెకి అవతలే కురిసి, ఇవతలికి నాలుగు చినుకులు విదిల్చి వెళ్ళిపోయింది. మావయ్య కంచె దగ్గర నిలబడి ఆకాశం వైపు చెయ్యెత్తాడు. "వాడి మొహంలో ఏం చూశావు? నా మొహంలో ఏం తక్కువైంది?" మూడు రోజులు మబ్బుతో మాటలు మానేశాడు.

అయితే ఆ కుళ్ళు ఆయన్ని ఊరికే కూర్చోనిచ్చేది కాదు. దానిమ్మల ఆయన మొదళ్ళ చుట్టూ ఎండుగడ్డి పరిస్తే, మావయ్య కంది సాళ్ళ మధ్య రెండింతలు పరిచాడు. బత్తాయిల మేష్టారు వాలుకి అడ్డంగా గట్టు వేస్తే, ఈయన మూడు వేశాడు. ఎవరు ఏ ఉపాయం చేసినా వారం తిరక్కుండా అది మావయ్య చేలోకి వచ్చి, కాస్త లావెక్కి కూర్చునేది.

ఊళ్ళోవాళ్ళు తెలివైనవాళ్ళు. ఈ ఏడుపుని వాడుకోవడం నేర్చుకున్నారు. ఏళ్ళ తరబడి చువ్వ గుచ్చీ గుచ్చీ ఆయన వేళ్ళకి వచ్చిన జ్ఞానం ఏ యంత్రానికీ లేదు. చేలో నిలబడి ఆయన ఏడిస్తే తడి చాలినట్టు. మోటారు కట్టేయొచ్చు. హాయిగా కూనిరాగం తీస్తూ వెళ్ళాడంటే కొంప మునిగినట్టు, వెంటనే నీళ్ళు పెట్టాలి.

పొద్దున్నే ఒకళ్ళనొకళ్ళు పలకరించుకునేదే అలా.

"మీ చేలో ఏడ్చారా?"

"భేషుగ్గా ఏడ్చారు. ఇవాళ అరగంట చాలు. మరి మీకు?"

"పాట పాడుకుంటూ పోయారండీ, నా గుండె జారిపోయింది!"

అలాంటి ఊరికి ఆ ఏడు పెద్ద కరువొచ్చింది. వాన కబురైనా పంపలేదు. బోరు ఐదున్నర గంటలు పోసి, ఆ తర్వాత దగ్గడం మొదలెట్టేది. నీళ్ళు తక్కువ, గాలి ఎక్కువ. ఆరో వంతు సగంలోనే ఆ దగ్గు వచ్చేది. ఏడో వంతుకి మిగిలేది దగ్గే.

దర్జీ ఆవిడ కోసం మీటింగు పెట్టారు. తలా ఓ పావుగంట తగ్గించుకుందామని మావయ్య అన్నాడు.

"నా చెట్లు ఎండితే నువ్విస్తావా?" అని లేచాడు దానిమ్మల ఆయన.

"వరస అంటే వరసే. ఇవాళ ఒకరి కోసం మారిస్తే రేపు అందరూ అడుగుతారు," అన్నారు మేష్టారు.

దర్జీ ఆవిడ బట్టలు కుట్టాల్సినవి ఉన్నాయని లేచి వెళ్ళిపోయింది. మావయ్యా ఇంటికొచ్చాడు.

మర్నాటి నుంచి ఆయన ఏడుపు మాత్రం తారస్థాయికి చేరింది.

దానిమ్మ తోటలో నెత్తి కొట్టుకున్నాడు. "ఇంత కరువులో కూడా ఈ తడేంటోయ్! ఏం నోములు నోచావోయ్!" దానిమ్మల ఆయన మీసం దువ్వుకుని, ముప్పావు గంటకే వాల్వు కట్టేశాడు. మేష్టారి బత్తాయిల్లో కళ్ళు తుడుచుకున్నాడు. మేష్టారూ కట్టేశారు. మిగతా చేలల్లోనూ అదే వరస. చివరికి కోడలి మిరప మడి దగ్గరికొచ్చి గట్టు మీద చతికిలబడ్డాడు.

"నిన్నగాక మొన్నొచ్చిన పిల్ల! దీని చేతిలో ఇంత తడా! నాకు కన్ను కుట్టిపోతోంది!"

కోడలి ముఖం వెలిగిపోయింది. మావయ్యకే కన్నుకుట్టిందంటే మాటలా! గర్వంగా పావుగంట ముందే వాల్వు తిప్పేసి, ఆ సంగతి దారిలో కనిపించిన అందరికీ చెప్పింది.

పది రోజులైంది. మిరప ఆకులు మధ్యాహ్నానికి వేలాడిపోతున్నాయి. అటు చూస్తే దర్జీ ఆవిడ చేను పచ్చగా నవ్వుతోంది. ఆవిడ వంతులో మోటారు చప్పుడు కూడా మారింది. దగ్గు లేదు, గంట నిండా గుక్క తిప్పుకోకుండా పోస్తోంది. అది విన్న కొద్దీ కోడలికి ఒళ్ళు మండింది. చివరి వంతు ఆవిడకి ఇన్ని నీళ్ళేంటి? మూడో వంతు నాకు ఈ కరువేంటి? ఆ పూట ఆమెకీ ముద్ద దిగలేదు. అత్తయ్య ఆమె కంచం వైపు చూసి, "ఈ ఇంటికి ఒకరు చాలరూ?" అంది.

పట్టలేక కోడలు చువ్వ తీసుకుని తన మడిలో గుచ్చింది. బెత్తెడు లోతు దాకా పొడి. గుప్పిట్లో పడితే వేళ్ళ సందుల్లోంచి జారిపోయింది. దానిమ్మ తోటకెళ్ళి గుచ్చింది. అక్కడా అంతే.

సరాసరి మావయ్య ముందుకొచ్చి నిలబడింది. "మీరు ఏడ్చిన చోట తడి లేదు!"

ఆయన అటూ ఇటూ చూశాడు. "మెల్లిగా మాట్లాడమ్మా."

"దొంగ ఏడుపా మావయ్యా? నా మడిలో కూడానా? నేను నిజమనుకుని ఊరంతా చెప్పుకున్నాను!"

"మీరంతా వదిలిన నీళ్ళు బోరులో మిగిలి దర్జీ ఆవిడ వంతుకి అందుతున్నాయమ్మా. ఆవిడ వేరుశెనగకి ఊడలు దిగుతున్నాయి. మన్ను మెత్తగా ఉంటేనే ఊడ లోపలికి దిగి కాయవుతుంది. ఈ పదిహేను రోజులు తడి లేకపోతే ఏడాది పంట గాలిలోనే వేలాడుతుంది. నీ మిరప మధ్యాహ్నానికి వాడినా తెల్లారేసరికి లేస్తోందా, లేదా?"

"లేస్తోంది."

"లేవని రోజున భయపడాలి. దానిమ్మ వేళ్ళు లోతుకి పోతాయి. నువ్వు బెత్తెడు గుచ్చావు, నేను మూరెడూ గుచ్చాను. కింద చల్లగానే ఉంది. ఎవరి చేలో ఎన్నాళ్ళు ఏడవొచ్చో చూసుకునే ఏడుస్తున్నాను."

"నోరు తెరిచి ఇంకోసారి అడగొచ్చుగా?"

"అడిగాను, విన్నావుగా ఏమన్నారో. పైగా ఇస్తే రోజూ ఆవిడకి గుర్తు చేస్తారు. ఆవిడ తల దించుకుని తిరగాలి. ఇలాగైతే ఎవరికీ ఏమీ లేదు. నాకు కాస్త గొంతు నొప్పి, అంతే."

కోడలు తగ్గలేదు. "కనీసం నాకైనా చెప్పాల్సింది."

"చెబితే వాల్వు కట్టేసేదానివే. కానీ మొహం అలా వెలిగేది కాదు. నీ మొహం చూసే కదా దానిమ్మల వాడు నన్ను నమ్మాడు!"

ఆమెకి నవ్వొచ్చింది, కోపమూ పోలేదు. మర్నాడు తన మడి దగ్గర మావయ్య గొంతు బొంగురుపోతే, "ఇవాళ నేను ఏడుస్తాలెండి, మీరు కూర్చోండి" అని మేష్టారి చేనువైపు నడిచింది. దర్జీ ఆవిడ పచ్చటి చేను పక్క నుంచే దారి కాబట్టి, ఏడుపు కోసం ఆమె పెద్దగా కష్టపడక్కర్లేకపోయింది.

ఆలస్యంగానైనా రెండు మంచి వానలు పడ్డాయి. అన్ని చేలూ గట్టెక్కాయి. వేరుశెనగ పీకిన రోజున దర్జీ ఆవిడ గంపెడు పచ్చికాయలు బోరు దగ్గరికి తెచ్చి అందరినీ పిలిచింది. ఈసారి ఒక్కో చెట్టుకి కాయలు గుత్తులుగా దిగాయి.

ఒక కాయ ఒలిచి నోట్లో వేసుకుని దానిమ్మల ఆయన గొంతు సవరించుకున్నాడు. "ఊరికే కాయలేదు ఇవి. రోజూ పావుగంట నీళ్ళు నావి."

"మీ ఒక్కరివేనా? నేనూ వదిలాను," అన్నారు మేష్టారు.

కోడలు తెల్లబోయింది. "అంటే మీకు తెలుసా?"

"మొదటి వారమే తెలిసిందమ్మా. నా దగ్గర మాత్రం చువ్వ లేదూ?" అన్నాడు దానిమ్మల ఆయన, మావయ్యకి వినపడకుండా మెల్లిగా. "పెద్దమనిషి అంత కష్టపడి ఏడుస్తుంటే, మొహాన ఎలా అంటాం? మీటింగులో నోరు జారాను. మాట వెనక్కి తీసుకోవడం కంటే వాల్వు తిప్పడం తేలిగ్గా ఉంది."

"నేను ఒక రోజు ఇరవై నిమిషాలు వదిలాను," అన్నారు మేష్టారు పట్టుదలగా.

"నేను రెండు రోజులు అరగంటేసి!"

ఎవరు ఎక్కువ వదిలారో తేల్చుకోవడానికి ఇద్దరూ గొంతులు పెంచారు. మిగతావాళ్ళూ కలిశారు. దర్జీ ఆవిడ అందరికీ చేతులు జోడించి, "మీ అందరి చలవే" అంది.

మావయ్య ముఖం మాడిపోయింది. కోడలిని పక్కకి లాగాడు.

"చూశావా అమ్మాయ్! నెల రోజులు గొంతు పోయేలా ఏడ్చింది నేను. పేరేమో వీళ్ళకి!"

"చెప్పమంటారా మావయ్యా?"

"వద్దు, వద్దు! దొంగ ఏడుపని తేలితే వచ్చే ఏడు నన్నెవరు నమ్ముతారు?"

ఇంతలో దర్జీ ఆవిడ గంప పట్టుకుని వచ్చింది. "చెయ్యి పట్టండి బాబాయ్," అని దోసిలి నిండా కాయలు పోసింది. కాయలతో పాటు ఏదో అనబోయి, ఆయన ముఖం చూసి, నవ్వి ఊరుకుంది.

ఆవిడ అటు తిరగ్గానే మావయ్య తన దోసిలి వైపు చూసుకున్నాడు. తర్వాత దానిమ్మల ఆయన ఒళ్ళోకి తొంగిచూశాడు.

"అమ్మాయ్," అన్నాడు గొంతు తగ్గించి, "వాడికి రెండు దోసిళ్ళు పోసినట్టుంది. చూసిరా."