స్లోలో ఆగిపోయే స్కూటరు

“...ఆ స్క్రూ ఇంకెంత తిప్పుతారు, విరిగి చేతికొచ్చేదాకానా?”

“నా పని నాకు నేర్పకు. నువ్వు జెట్లు కడుగు.”

“కడుగుతూనే ఉన్నాగా. నోటికి తాళం కూడా వేసుకోమంటారా?”

షెడ్డు ముందు బెంచీ మీద కూర్చున్న రొట్టెలాయన తల అటూ ఇటూ తిప్పుతూ మొగుడూ పెళ్లాల పోట్లాట వింటున్నాడు. స్కూటరు అతనిదే. పరుగులో బాగానే ఉంటుంది. ఎవరి గుమ్మం ముందైనా ఆపి యాక్సిలరేటరు వదిలితే చాలు, దగ్గి, వణికి, చల్లబడిపోతుంది. బాగుచేయించుకుని వెళ్లడం, మళ్లీ రావడం అతనికి అలవాటైపోయింది.

“నా కేక విని ఎవరూ బయటికి రావడం లేదన్నా. కిక్కు చప్పుడు విని వస్తున్నారు” అన్నాడు.

మేస్త్రీ నవ్వలేదు. ఆయన్ని వీధంతా స్టెతస్కోపు అంటుంది. స్క్రూడ్రైవరు మొన ఇంజను మీద ఆనించి, పిడి చెవికి పెట్టుకుని, విప్పకుండానే రోగం చెప్పేవాడు. ఆ పేరంటే పైకి చిరాకు, లోపల మురిపెం. ఈమధ్య ఫోను మోగడం లేదని కొత్తది కొన్నాడు. అదీ మోగడం లేదు. ఆ సంగతి భార్య ఎత్తబోతే మాట మార్చేస్తాడు. చెవి పోయిన స్టెతస్కోపు ఎవరికి కావాలి?

చేయాల్సినవన్నీ చేశాడు. గాలినీ పెట్రోలునూ కలిపే కార్బురేటరు విప్పి అడుగున పేరుకున్న మడ్డి తీశాడు. నీళ్ల ట్యాంకులో బంతిలా పెట్రోలు మీద తేలుతూ, నిండగానే దారి మూసే ఫ్లోటు సరిగ్గానే లేస్తోంది. పెట్రోలు చిమ్మే జెట్టు రంధ్రాన్ని సైకిలు పంపుతో ఊదించాడు. అందులో తీగ దూర్చి వెడల్పు చేసేవాళ్లంటే ఆయనకు ఒళ్లుమంట. ప్లగ్గు మాత్రం తెల్లగా వచ్చింది. పెట్రోలు ఎక్కువైతే నల్లబడుతుంది, గాలి ఎక్కువైతే తెల్లబడుతుంది. మరి ఆ గాలి ఎక్కణ్నుంచి వస్తున్నట్టు? అన్నీ తిరిగి బిగించి కిక్కు కొడితే, బండి వణుకుతూనే నడుస్తోంది.

“ఈల వేస్తోందండీ” అంది భార్య, పెట్రోలు పళ్లెం పక్కన పెట్టి.

“ఏది?”

“బండే. కార్బురేటరు వెనక. సన్నగా.”

స్క్రూడ్రైవరు ఆనించి విన్నాడు. పిస్టను దెబ్బలు బరువుగా, నమ్మకంగా వినిపించాయి. ఈల లేదు.

“గాలి నీ చెవిలో దూరినట్టుంది.”

“నాకూ వినిపిస్తోందన్నా” అని, వెంటనే నాలిక్కరుచుకున్నాడు రొట్టెలాయన. “అయినా మీ ఇద్దరి మధ్య నేనెందుకులే.”

ఆవిడ వాదించలేదు. నూనె డబ్బా తెచ్చి, కార్బురేటరు ఇంజనుకు అతుక్కునే చోట ఒక చుక్క వేసింది. మేస్త్రీ అరచెయ్యి సీటు మీదే ఉంది. వణుకు తగ్గి బండి నిమ్మళించింది.

“ఆగింది” అంది ఆవిడ. కాసేపటికి, “మళ్లీ మొదలైంది.”

ఆవిడ అన్న క్షణానే అరచేతి కింద వణుకు తిరిగొచ్చింది. మేస్త్రీ స్క్రూడ్రైవరు కింద పెట్టేశాడు. తర్వాత బండి ఆపి, బోల్టులు విప్పాడు. గాలి చొరబడకుండా మధ్యలో ఉండే కాగితం గాస్కెట్టు, నూనె చుక్క వేసిన అంచున చిరిగి ఉంది.

“దొడ్డిదారిన గాలి దూరుతోంది. పెళ్లి భోజనాల్లో పిలవనివాడొకడు కూర్చుంటే ఎవరికి తెలుస్తుంది? ఇద్దరికి వండుకున్న పూట వస్తేనే తెలుస్తుంది. స్పీడులో ఇంజను చాలా తాగుతుంది, ఈ కాస్త గాలి లెక్కలోకి రాదు. స్లోలో తాగేదే కొంచెం” అని రొట్టెలాయనకు చెప్పాడు.

గాస్కెట్టు షీటును ఆ అంచుల మీద పరిచి, చిన్న సుత్తితో చుట్టూ తట్టి కొత్తది కత్తిరించాడు. బిగించి, కిక్కు కొట్టి, గాలి స్క్రూ దగ్గర గొంతుక్కూర్చున్నాడు. తల ఎత్తకుండా, “చెప్పు” అన్నాడు.

“ఇంకొంచెం... ఇంకొంచెం... ఆఁ, గొంతు లేచింది. దాటిపోయారు, వెనక్కి రండి. చాలు.”

స్కూటరు ఒకే లయలో కొట్టుకుంటూ నిలబడింది. రొట్టెలాయన బుట్ట కట్టుకున్నాడు, తాడు సరిచూసుకున్నాడు, జేబులు తడుముకున్నాడు. అయినా బండి ఆగలేదు. ముగ్గురూ దాన్నే చూస్తూ నిలబడ్డారు.

“మళ్లీ తేడా చేస్తే?” అడిగాడు రొట్టెలాయన, ఎక్కి కూర్చుంటూ.

మేస్త్రీ గుడ్డతో చేతులు తుడుచుకున్నాడు.

“తీసుకురా. విప్పడం, బిగించడం నేను చూసుకుంటా. ఇవాళ్టినుంచి వినడం మీ వదిన పని.”